గోలయ్యకు ఇరవై ఒక్క రోజుల సెలవు

3వ తేదీ, సోమవారం. ఉదయం 6.40

ముందుగా క్షమించాలి. నా రాత కోడి కెలికినట్టు ఉంటుందని నీకు తెలుసు. తప్పులు కూడా ఉంటాయి. మా ఊరి బడిలో ఐదో తరగతి దాకా చదివాను. అందులో సగం రోజులు పలక మీద మాస్టారి ముక్కు గీయడంతోనే సరిపోయింది.

నోటితో చెప్పమంటే నాకు రాదు. అందుకే నువ్వు ఈ నోటుపుస్తకం ఇచ్చావు. రోజూ రాసి నీ బల్ల మీద పెట్టాలి. నువ్వు చదివి ఎర్ర సిరాతో దిద్దుతావు. సరే.

ఒట్టు ఇది: ఈ రోజు నుంచి ఇరవై ఒక్క రోజులు నీ తమ్ముణ్ణి, అంటే నా బావమరిదిని, బొమ్మలో పెట్టను.

ఎందుకో కూడా మొదటి పేజీలోనే రాయమన్నావు, తర్వాత మర్చిపోయానని అనకుండా. రాస్తున్నాను.

ముప్పై రెండేళ్లుగా పత్రికలో ఆటల పేజీ అడుగున, ఎడమ మూల, మన బొమ్మల వరస వస్తోంది. మూడు గళ్లు. బొమ్మలు నావి. బుడగల్లో మాటలు నీవి. జీతానికి ఆడేవాళ్ల మీద, వాళ్లను కొనేవాళ్ల మీద, వాళ్ల గురించి టీవీలో మాట్లాడేవాళ్ల మీద వేళాకోళం. అందులో గోలయ్య అని ఒక గోల్‌కీపరు. ముక్కు వంకాయంత. ఎడమ కాలి మేజోడు ఎప్పుడూ జారి ఉంటుంది. నీ తమ్ముడు కూడా గోల్‌కీపరే. ముక్కు సంగతి ఊరంతా అనుకునేదే. అతను ఆట మానేసి అదే జట్టుకు కోచ్ అయితే, మనం గోలయ్యనూ కోచ్‌ని చేశాం.

పదకొండేళ్ల కిందట అతని ఆఖరి మ్యాచ్. ఆ పొద్దున వచ్చిన బొమ్మలో గోలయ్యకు వీడ్కోలు సన్మానం. జట్టువాళ్లు గోల్ వల మడతపెట్టి అతని చేతిలో పెడతారు. "ఇన్నేళ్లూ బంతుల్ని ఆపింది ఇదే." ఊరు ఊరంతా పగలబడి నవ్వింది. ఆ సాయంత్రం అతను మూడు గోల్స్ తిన్నాడు. మన గడప తొక్కడం మానేశాడు.

ఆ మాట రాసింది ఎవరో మనిద్దరికే తెలుసు. నేనే అని అతను అనుకుంటున్నాడు. అనుకోనీ.

మొన్న నువ్వు ఫోన్ చేస్తే అన్నాడట: "ఇరవై ఒక్క రోజులు మీ ఇంట్లోంచి నా మీద ఒక్క ముక్క రాకుండా ఉంటే, ఇరవై రెండో రోజు భోజనానికి వస్తానక్కా." ఫోన్ పెట్టేసి నువ్వు చాలాసేపు కళ్లద్దాలు తుడుచుకుంటూ కూర్చున్నావు. అద్దాలు శుభ్రంగానే ఉన్నాయి.

ఇరవై ఒక్క రోజులు. ఏముంది అందులో.

అదే రోజు. సాయంత్రం 5.00

బొమ్మలు నాలుగు రోజులు ముందే ఇచ్చేస్తాం కదా. ఇచ్చిన నాలుగింట్లోనూ గోలయ్య ఉన్నాడు. పదకొండింటికి పత్రిక నుంచి స్కూటర్ మీద మీసాలాయన వస్తే, నాలుగూ వెనక్కి తెమ్మన్నాను. సాయంత్రం లోపు కొత్తవి నాలుగు గీశాను. నువ్వు నాలుగింటికీ మాటలు రాశావు. నడుం పట్టేసింది. అయినా గర్వంగా ఉంది.

మీసాలాయన అడిగాడు. "గోలయ్యకి ఏమైంది గురువుగారూ?"

"సెలవు."

"ఒంట్లో బాలేదా?"

"బాగానే ఉంది."

"మరి సెలవెందుకు?"

తలుపు వేశాను.

4వ తేదీ, మంగళవారం. మధ్యాహ్నం 12.15

రెండో రోజు. హాయిగా ఉంది. గోలయ్య లేకపోతే ఆటల ప్రపంచంలో నవ్వడానికి ఏమీ లేదా? బోలెడు ఉంది.

నిన్న గీసిన నాలుగూ మోకాళ్ల డాక్టరు మీదే. ఇవాళ పేపర్లో వచ్చింది: ఆటగాడి మోకాలికి దెబ్బ. కట్టు మీద సిమెంటు కంపెనీ ప్రకటన. డాక్టరు: "కాస్త కెమెరా వైపు కుంటండి, పేరు కనబడటం లేదు." నిన్న ఆ మాట రాస్తున్నప్పుడు నీ భుజాలు కదిలాయి. వెనక నుంచి చూశాను. నవ్వావు.

5వ తేదీ, బుధవారం. ఉదయం 10.30

చిన్న ఇబ్బంది. ముక్కు.

డాక్టరుకి మామూలు ముక్కు గీద్దామని కూర్చుంటే వంకాయ వచ్చింది. తుడిపేశాను. జట్టు యజమానికీ వంకాయే. రిఫరీకీ అంతే. చివరికి బంతికి కూడా ఏదో మొలిచింది.

రబ్బరు సగం అరిగింది. పర్వాలేదు. అలవాటు పోవడానికి మూడు రోజులు పడుతుందట.

7వ తేదీ, శుక్రవారం. ఉదయం 9.00

మంగలి దగ్గరికి వెళ్లాను. గడ్డానికి సబ్బు పూసి, కత్తి గొంతు దగ్గర పెట్టి అడిగాడు.

"గోలయ్య ఎప్పుడొస్తాడు బాబాయ్?"

ఆ పరిస్థితిలో ఎవరైనా నిజం చెబుతారు. "ఇంకో పదహారు రోజులు పడుతుంది," అన్నాను.

"అంతదాకా ఆ మోకాళ్ల డాక్టరేనా? పొద్దున్నే పేపరు తెరిస్తే ఆసుపత్రికి వెళ్లినట్టుంది."

పక్క కుర్చీలో కూర్చున్నాయన, మొహం నిండా నురగతోనే, "అవును, చప్పగా ఉంటోంది," అన్నాడు.

ఇంటికొచ్చాక స్నానాలగదిలో అద్దం మీద ఆవిరి పట్టి ఉంది. వేలు దానంతట అదే వెళ్లింది. ముక్కు, మేజోడు. రెండు నిమిషాల్లో ఆవిరితో పాటు పోయింది. అది పత్రిక కాదు కనక లెక్కలోకి రాదు. అయినా దాచకూడదని రాస్తున్నాను.

8వ తేదీ, శనివారం. సాయంత్రం 6.10

నువ్వు ఎర్ర సిరాతో రాశావు: "అద్దం తుడిచేటప్పుడు చూశాను, వేలి జిడ్డు మిగిలే ఉంది. మేజోడు కుడి కాలికి వేశారు. ఎడమ కాలికి ఉండాలి."

అంటే నీకు కోపం లేదని అర్థమా? తెలియలేదు. అడగలేదు.

9వ తేదీ, ఆదివారం. ఉదయం 11.30

మంచి ఆలోచన వచ్చింది.

వెక్కిరించనన్నాను. పొగడనని అనలేదు కదా. గోలయ్యను మెచ్చుకుంటూ గీస్తే పాఠకులకు గోలయ్య దొరుకుతాడు, నీ తమ్ముడికి గౌరవం దొరుకుతుంది, నా చేతికి దురద తీరుతుంది.

గీశాను. కోచ్ గోలయ్య గోల్ వల విప్పి చేపలవాళ్లకు ఇచ్చేస్తున్నాడు. నువ్వు కలం పట్టుకుని ఆగావు.

"వల మళ్లీ ఎందుకండీ?"

"మంచి వల," అన్నాను.

కాసేపు ఆలోచించి రాశావు: "మా గోల్ దాకా బంతి ఎలాగూ రాదు. మీకైనా పనికొస్తుంది." చూశావా, ఒక్క వెక్కిరింత లేదు. గురువారం పేపర్లో వస్తుంది. పొద్దున్నే అతను చూస్తాడు. కడుపు నిండిపోతుంది.

13వ తేదీ, గురువారం. ఉదయం 7.20

నిన్న సాయంత్రం అతని జట్టు మ్యాచ్ ఆడింది. నేను ఎనిమిదింటికే పడుకున్నాను. నాకు తెలియదు.

ఏడు సున్నా. ఏడూ వీళ్లే తిన్నారు.

పేపరు పై సగంలో నీ తమ్ముడి ఫోటో, నుదుటి మీద చెయ్యి. కింది సగంలో మన బొమ్మ.

7.45

మంగలి కొట్టు మూసి మరీ వచ్చాడు. చేతులు పట్టుకుని ఊపాడు. "ముప్పై రెండేళ్లలో ఇంత దెబ్బ కొట్టలేదు బాబాయ్ మీరు. వల చేపలవాళ్లకివ్వడం. అబ్బా."

పొగిడానని చెప్పాను. ఇంకా నవ్వాడు.

8.10

ఫోన్ మోగింది. నువ్వు చెవికి దూరంగా పట్టుకున్నావు. అయినా నాకు వినబడింది.

"ఇదేనా అక్కా మీరు పెట్టుకున్న ఒట్టు?"

"పొగడ్తేరా అది."

"ఏడు గోల్స్ తిన్న మర్నాడు పొగడ్తా?"

"ఆదివారమే గీశారురా. మీరు ఏడు తింటారని ఆదివారం నాడు ఎవరికి తెలుసు?"

"ఊళ్లో అందరికీ తెలుసు," అన్నాడు. అతనే అన్నాడు ఆ మాట. నీ భుజాలు కదిలాయి. ఫోన్‌కి చెయ్యి అడ్డం పెట్టావు.

చివరికి ఇంకొక్క అవకాశం ఇచ్చాడు. మొదలుపెట్టిన రోజు నుంచే లెక్క. ఇంకో ముక్క వస్తే మాత్రం ఈ జన్మకి గడప తొక్కడట. ఫోన్ పెట్టేశాక నువ్వు నవ్వలేదు. టిఫిన్ కూడా సరిగ్గా తినలేదు.

నా వల్లే. రాసి పెడుతున్నాను: పొగడటం కూడా వద్దు.

14వ తేదీ, శుక్రవారం. ఉదయం 10.00

పన్నెండో రోజు. చెయ్యి వణుకుతోంది. కాఫీ మానేసిన వాళ్లకు ఇలా అవుతుందంటారు. నేను కాఫీ తాగుతూనే ఉన్నాను.

ఒక సంగతి గుర్తొచ్చింది. నేను ముందు లేత నీలం పెన్సిల్‌తో గీసుకుని, దాని మీద నల్ల సిరాతో దిద్దుతాను కదా. నీలం గీతలు తుడపక్కర్లేదు. పత్రికాఫీసు కెమెరాకు ఆ నీలం కనబడదు. అచ్చులో పడదు. ముప్పై రెండేళ్లుగా అంతే.

అచ్చులో పడనిది పేపర్లో వచ్చినట్టు కాదు. పేపర్లో రానిది గీసినట్టు కాదు.

ఇవాళ్టి బొమ్మలో ఆటగాళ్లను వేలం వేస్తున్నారు. కుర్చీల వెనక, నీలంలో, చిన్న గోలయ్య. తల ఒక్కటే. ఎంత హాయిగా ఉందో చెప్పలేను. చెయ్యి వణకడం ఆగింది.

16వ తేదీ, ఆదివారం. ఉదయం 11.10

నిన్న నడుం దాకా గీశాను. ఇవాళ మేజోడు దాకా.

బుడగలు రాసేటప్పుడు నీకు నీలం గీతలు కనబడతాయి. నువ్వు చూశావు. చూశావని నాకు తెలుసు. ఎర్ర సిరాతో ఏమీ రాయలేదు.

17వ తేదీ, సోమవారం. ఉదయం 10.50

మీసాలాయనకు ఇచ్చే ముందు కాగితం ఒకసారి చూసుకున్నాను. నీలం గోలయ్య నోటి పక్కన నీలం పెన్సిల్‌తోనే ఒక మాట. నా రాత కాదు. గుండ్రంగా ఉంది.

"సెలవు ఎప్పుడైపోతుందండీ?"

నువ్వు వంటింట్లోకి వెళ్లిపోయావు. నేను కాగితం కవర్లో పెట్టాను.

18వ తేదీ, మంగళవారం. మధ్యాహ్నం 12.00

ఇవాళ్టిది చాలా బాగా వచ్చింది. నల్ల సిరాలో ఉన్నది: టీవీలో ముగ్గురు మేధావులు, ఏడు గోల్స్ ఎందుకు పడ్డాయో చర్చ. "ఎడమ వైపు మానసిక ఒత్తిడి," "కుడి వైపు గాలి," ఇలా. పెద్దమనుషుల్లా మాట్లాడుతున్నారు. మన ఒట్టుకు ఏ ప్రమాదమూ లేదు.

నీలంలో ఉన్నది: ఆ బల్ల కింద గోలయ్య. బాసింపట్టు వేసుకుని, సూదీ దారంతో, చిరిగిన గోల్ వల కుట్టుకుంటున్నాడు. పక్కన నీ మాట: "ఇంకో పది నిమిషాలు మాట్లాడుతూ ఉండండి. కుట్టు అయిపోవచ్చింది."

ఇద్దరం కాసేపు కాగితం వైపు చూశాం. ఇన్నేళ్లలో ఇలాంటిది నాలుగైదు వచ్చి ఉంటాయి. ఎవరూ చూడరు కదా అనిపించింది. ఆ మాటే అన్నాను.

"ఎవరూ చూడకపోవడమే కదండీ మనకు కావాల్సింది," అన్నావు. కాని కాగితం వెంటనే ఇవ్వలేదు.

19వ తేదీ, బుధవారం. ఉదయం 11.05

మీసాలాయన గుమ్మంలో నిలబడి పత్రికాఫీసు కబుర్లు చెప్పాడు. క్యాంటీన్ మార్చారట. ఆటల పేజీ ఆయనకు పళ్లు కట్టించారట. పాత కెమెరా తీసేసి శుక్రవారం నుంచి కొత్త యంత్రం పెడుతున్నారట. "ఈగ కాలు కూడా వదలదు గురువుగారూ."

మంచిదే అన్నాను. ఇంకా నాలుగు రోజులు. నువ్వు అప్పుడే ఏం వండాలో ఆలోచిస్తున్నావు. భోజనాల బల్లకి నాలుగో కుర్చీ అటక మీంచి దింపించావు. మనం ఇద్దరమే, అతను ఒక్కడే, నాలుగోది ఎందుకని అడిగాను. "వాడు కాళ్లు పెట్టుకుంటాడు," అన్నావు.

22వ తేదీ, శనివారం. ఉదయం 6.30

ఈగ కాలు కూడా వదలలేదు.

నీలం మొత్తం పడింది. బూడిద రంగులో, స్పష్టంగా. వల, సూది, దారం, ముక్కు, మేజోడు. నీ గుండ్రటి రాత.

ఇరవయ్యో రోజు. ఇంకొక్క రోజే ఉంది.

6.50

నువ్వు పేపరు చూశావు. నాలుగో కుర్చీ మళ్లీ అటక ఎక్కించబోయావు. నీ చేతులు అందలేదు. నన్ను పిలవలేదు. కుర్చీ నడవలోనే ఉండిపోయింది.

7.30

ఒట్టు పోయింది. నేను మనిషిని కాను. రాయడానికి ఏమీ లేదు.

సాయంత్రం 4.40

నువ్వూ అక్కడే ఉన్నావు. అయినా రాస్తున్నాను. రోజూ రాయాలన్నది నియమం.

తొమ్మిదిన్నరకు తలుపు చప్పుడైంది. నీ తమ్ముడు. చేతిలో పేపరు చుట్ట చుట్టి ఉంది. పదకొండేళ్లలో జుట్టంతా పోయింది. ముక్కు మాత్రం అలాగే ఉంది. దాని వైపు చూడకూడదని నేల చూశాను.

లోపలికి రమ్మనకుండానే వచ్చాడు. పేపరు విప్పి నా బల్ల మీద పరిచాడు.

"ఎవరు రాశారు బావా ఈ మాట?"

"నేనే," అన్నాను.

"నువ్వా?"

"ఊఁ."

"నీకు ఇన్ని మాటలు ఎక్కడివి బావా? మీ పెళ్లప్పటి నుంచి చూస్తున్నా. మూడు రోజులు మా ఇంట్లో ఉండి 'ఊఁ' అన్నావు, ఒకసారి 'చాలు' అన్నావు. ఆ 'చాలు' కూడా మా అమ్మ వడ్డిస్తుంటే."

అప్పుడు నీ వైపు తిరిగాడు.

"పదకొండేళ్ల కిందటి మాట కూడా నీదేగా అక్కా."

వంటింట్లో నీళ్ల చుక్కలు పడుతున్నాయి. కుళాయి సరిగ్గా కట్టలేదు. నువ్వు కళ్లద్దాలు తీశావు.

"నాదేరా."

"నాకు ఆ రోజే తెలుసు."

ఆ రోజే తెలుసట. పదకొండేళ్లు ఆ నేరం నేను నెత్తిన వేసుకుని తిరిగాను. ఊరికే.

"మరి ఆయన మీద కోపం అన్నావు?" అన్నావు నువ్వు.

"బావ మీద కోపం అని నేనెప్పుడన్నాను? మీ ఇంట్లోంచి అన్నాను. బావ గీసే ముక్కుకి నేనెప్పుడైనా ఏడ్చానా? ఉన్న ముక్కే కదా. ఆ మాటకే మండింది. బాగుంది కాబట్టి మండింది. పోనీ రాశావు, ఆ సాయంత్రం మ్యాచ్‌కైనా వచ్చావా? ఆఖరి మ్యాచ్ అక్కా."

"వచ్చాను."

"ఎక్కడున్నావు? ఇంటివాళ్ల వరసంతా వెతికాను."

"అక్కడ కూర్చోడానికి మొహం చెల్లక నీ గోల్ వెనక నిలబడ్డానురా. వలకి ఇవతల. నువ్వు ఒక్కసారి కూడా నన్ను చూడలేదు."

"గోల్‌కీపరు వెనక్కి తిరిగేది బంతి తీసుకోడానికే అక్కా. మూడుసార్లు తిరిగాను."

"ఆ మూడుసార్లూ నేను చేతులతో మొహం కప్పుకున్నాను."

ముందు అతని ముక్కు అదిరింది. తర్వాత నీ భుజాలు కదిలాయి. తర్వాత ఇద్దరూ ఒకరి మీద ఒకరు పడి నవ్వారు. కొంతసేపటికి అది నవ్వులా లేదు. నేను వెళ్లి కుళాయి కట్టేశాను. కట్టేశాక కూడా ఇంకోసారి కట్టాను.

భోజనానికి ఉన్నాడు. ఏం వండాలో నువ్వు నాలుగు రోజులు ఆలోచించావు, చివరికి ఉన్నదే వడ్డించావు. మూడుసార్లు వడ్డించుకున్నాడు. నడవలోంచి కుర్చీ తనే లాక్కుని కాళ్లు పెట్టుకున్నాడు. ఎడమ మేజోడు జారి ఉంది.

నేను చూడలేదు. చూసినా ఏమీ చేయలేదు. చేతులు రెండూ బల్ల కిందే పెట్టుకున్నాను.

వెళ్లేటప్పుడు గుమ్మంలో ఆగాడు. "మళ్లీ మొదటి నుంచి లెక్కపెట్టండి. ఇరవై ఒక్క రోజులు. ఈసారి ఇద్దరికీ. ఎప్పుడు తప్పితే అప్పుడు వచ్చి తిట్టిపోతాను, చెబుతున్నా."

"భోజనం వేళకి వచ్చి తిట్టరా," అన్నావు.

మెట్లు దిగాక మళ్లీ పిలిచాడు. "బావా, ఆ వల కుట్టేది బాగుంది. అసలు కాగితం నాకివ్వు. డ్రెస్సింగ్ రూంలో పెడతాను. ఏడు తిన్న వెధవలు రోజూ చూడాలి."

24వ తేదీ, సోమవారం. ఉదయం 9.50

మొదటి రోజు.

కొత్త ఒట్టు. నేను గీయను. నువ్వు రాయవు. నలుపులోనూ కాదు, నీలంలోనూ కాదు, అద్దం మీదా కాదు. పొగడటం లేదు. ఈసారి గట్టిగా. ఇరవై ఒక్క రోజులు. ఏముంది అందులో.

నువ్వు పొద్దున్నే క్యాలెండర్ ముందు నిలబడి, వేలితో రోజులు లెక్కపెట్టి, "ఇరవై ఒక్క రోజులంటే చాలా దూరమండీ," అన్నావు. వాడు ఇరవై రెండో రోజు దాకా రాడు కదా అన్నావు. తప్పితే ముందే వస్తాడు అని నువ్వు అనలేదు. నేనూ అనలేదు.

ఈ పేజీ కింద ఒక బొమ్మ ఉంటుంది. కంగారు పడకు. నేను గీయలేదు, చెయ్యి గీసింది. కోచ్ గోలయ్య ఎవరింట్లోనో రెండు కుర్చీల్లో కూర్చుని, మూడోసారి వడ్డించుకుంటున్నాడు. వెనక గోడకి చిరుగు కుట్టిన వల వేలాడుతోంది. ఒక చిన్న ఆవిడ దాని వెనక నిలబడి, మొహం కప్పుకోకుండా, అతని వైపే చూస్తోంది.

ఆవిడ బుడగ ఖాళీగా ఉంది. అందులో ఏం ఉండాలో నాకు తెలియదు. నా దగ్గర మాటలు లేవు, ఆ సంగతి నీ తమ్ముడే చెప్పాడు.

పుస్తకం నీ బల్ల మీద పెడుతున్నాను. నా తప్పులు తర్వాత దిద్దుదువుగాని. ముందు ఆ బుడగలో జవాబు రాయి. త్వరగా. మీసాలాయన పదకొండింటికి వచ్చేస్తాడు.